ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్ లేదంటోంది, ఎస్ఎఫ్‌సీ మాత్రం అన్నీ సరిగ్గానే ఉన్నాయంటోంది

విభాగం: విండోస్ » ఆడియో, వీడియో

#1 కొత్తచిగురు

అందరికీ నమస్కారం. రికార్డు చేసిన పాఠాల్లో అనవసరమైన ముక్కలు తీసేయడానికి ఒక చిన్న వీడియో ఎడిటర్ వేసుకున్నాను. ఐకాన్ నొక్కగానే వచ్చే మెసేజ్ ఇది: ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్ దొరకలేదు కాబట్టి ప్రోగ్రామ్ నడవదు, మళ్ళీ ఇన్‌స్టాల్ చేసి చూడండి. మళ్ళీ ఇన్‌స్టాల్ చేసినా అదే మాట.

అడ్మిన్ కమాండ్ ప్రాంప్ట్‌లో, విండోస్ ఫైళ్ళను తనిఖీ చేసే ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ నడిపాను. సిస్టమ్ ఫైళ్ళలో ఏ లోపమూ లేదంది. ఇదే నాకు అంతుపట్టడం లేదు. ఫైలు లేదని ప్రోగ్రామ్ అంటుంటే అన్నీ ఉన్నాయని విండోస్ ఎలా అంటుంది? సిస్టం32లో నేనే వెతికి చూశాను, ఆ పేరుతో ఫైలు నిజంగానే లేదు.

విండోస్ 11, 64 బిట్. వీఎల్‌సీలో వీడియోలన్నీ చక్కగా ఆడుతున్నాయి. అంటే కుదించిన వీడియోని విప్పి చూపే కోడెక్‌లు ఉన్నట్టే కదా? ఈ ఫైలును విడిగా ఇస్తామనే సైట్లు చాలా కనిపించాయి, ఇంకా ఏదీ డౌన్‌లోడ్ చేయలేదు. ముందు మీ సలహా కావాలి.

#2 గుండుసూది

ఆ సైట్లలో ఏదో ఒకదాన్నుంచి 64 బిట్ ఫైలు తెచ్చి సిస్టం32లో పెట్టండి. రెండు నిమిషాల పని. ఒక్క ఫైలు కోసం విండోస్ అంతా మళ్ళీ వేసుకోవడం దండగ.

#3 నాదవీచి

కొత్తచిగురు గారూ, దయచేసి ఆగండి. ఏ ఫైలూ తేవద్దు. ముందు ఒక్కటి చూసి చెప్పండి: సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో అబౌట్. అక్కడ ఎడిషన్ అన్న చోట ఏముంది? చివర్లో ఒక్క అక్షరం ఏదైనా ఉందా?

#4 కొత్తచిగురు

విండోస్ 11 ప్రో ఎన్ అని ఉంది. ఆ ఎన్ ఏమిటో ఎప్పుడూ పట్టించుకోలేదండీ. ఈ లాప్‌టాప్ నా చేతికి వచ్చేసరికే విండోస్ వేసి ఉంది.

#5 నాదవీచి

మీ ప్రశ్నకి జవాబు ఆ ఎన్‌లోనే ఉంది. కాస్త వివరంగా రాస్తాను, ఈ సమస్యతో వచ్చేవాళ్ళు చాలామంది ఇక్కడే తికమకపడతారు.

2004లో యూరోపియన్ కమిషన్ విండోస్ మీడియా ప్లేయర్ విషయంలో మైక్రోసాఫ్ట్‌కి 49 కోట్ల 70 లక్షల యూరోల జరిమానా వేసి, ప్లేయర్ లేని విండోస్‌ని కూడా అమ్మాలని ఆదేశించింది. అలా పుట్టినవే ఎన్ ఎడిషన్లు. 2005లో దక్షిణ కొరియా వాణిజ్య కమిషన్ కూడా ఇలాంటి ఆదేశమే ఇచ్చింది, అక్కడివి కేఎన్ ఎడిషన్లు. వీటిలో ప్లేయర్ ఐకాన్ ఒక్కటే కాదు, దాని కింద పనిచేసే మీడియా ఫౌండేషన్, అంటే ఆడియో, వీడియో నడిపించే విండోస్ భాగం, కూడా ఉండదు. ఎంఎఫ్‌ప్లాట్, ఎంఎఫ్, ఎంఎఫ్‌రీడ్‌రైట్ లాంటి ఫైళ్ళన్నీ ఆ మీడియా ఫౌండేషన్‌వే.

ఇక ఎస్ఎఫ్‌సీ సంగతి. అది అబద్ధం చెప్పలేదు. మీ ఎడిషన్‌లో ఉండాల్సిన ఫైళ్ళు ఉన్నాయా, చెడిపోయాయా అని మాత్రమే అది చూస్తుంది. ఎన్ ఎడిషన్‌లో ఎంఎఫ్‌ప్లాట్ ఉండాల్సిన ఫైలే కాదు. లేకపోవడమే అక్కడ సరైన స్థితి. అందుకే ప్రోగ్రామ్ చెప్పిందీ నిజమే, ఎస్ఎఫ్‌సీ చెప్పిందీ నిజమే.

చేయాల్సింది ఇది. సెట్టింగ్స్‌లో ఆప్షనల్ ఫీచర్స్ తెరవండి. కొత్త వెర్షన్లలో ఇది సిస్టమ్ కింద ఉంటుంది, పాత వాటిలో యాప్స్ కింద. ఫీచర్ జోడించే బటన్ నొక్కి మీడియా ఫీచర్ ప్యాక్ అని వెతికి ఇన్‌స్టాల్ చేయండి. తర్వాత రీస్టార్ట్ తప్పనిసరి. షట్‌డౌన్ చేసి మళ్ళీ ఆన్ చేయడం కాదు, రీస్టార్టే నొక్కండి.

#6 తెరవెనుక

నాదవీచి గారి మాటకి ఒక చేర్పు. వీఎల్‌సీలో ఆడుతోంది కాబట్టి కోడెక్‌లు ఉన్నట్టేనా అని అడిగారు. కాదండీ. వీఎల్‌సీ తన డీకోడర్లను తనతోనే తెచ్చుకుంటుంది, అందులో ఎక్కువ భాగం ఎఫ్‌ఎఫ్‌ఎంపెగ్ లైబ్రరీలు. విండోస్ మీడియా ఫౌండేషన్ ఉన్నా లేకపోయినా దానికి ఇబ్బంది లేదు. మీ ఎడిటర్ అలా కాదు, ఫైలు తెరవడం నుంచి డీకోడింగ్ దాకా అన్నీ విండోస్‌నే అడుగుతోంది. ఇద్దరూ ఒకే ఎంపీ4 ఆడిస్తారు, దారులు మాత్రం పూర్తిగా వేరు.

#7 గుండుసూది

ఎన్ ఎడిషన్ సంగతి ఒప్పుకుంటాను. కానీ నా మొదటి మాటని అంత తేలిగ్గా తీసేయకండి. గేమ్‌లు వాడేవాళ్ళకి డీ3డీఎక్స్9, ఎక్స్‌ఆడియో2 లాంటి ఫైళ్ళు లేవని మెసేజ్ వస్తుంది. అప్పుడు ఆ ఫైళ్ళు తెచ్చి పెట్టుకుంటే గేమ్ నడుస్తోంది కదా? అక్కడ సరైనది ఇక్కడ తప్పెలా అవుతుంది?

#8 నాదవీచి

అడగాల్సిన ప్రశ్నే అడిగారు. డీఎల్ఎల్‌లంటే ప్రోగ్రామ్‌లు పంచుకుని వాడుకునే కోడ్ ఫైళ్ళు, అవన్నీ ఒక జాతివి కావు.

కొన్నిటిని ప్రోగ్రామ్‌తో పాటు పంచిపెట్టుకోమని మైక్రోసాఫ్టే ప్యాకేజీలుగా ఇస్తుంది. విజువల్ సీ++ రన్‌టైమ్ అలాంటిది. మీరన్న డీ3డీఎక్స్9 ఫైళ్ళు, ఎక్స్‌ఆడియో2 2.7 ఫైలు డైరెక్ట్‌ఎక్స్ జూన్ 2010 ఎండ్ యూజర్ రన్‌టైమ్‌లో వస్తాయి. వీటికి కూడా సరైన దారి ఆ ప్యాకేజీ నడపడమే తప్ప ఫైలును ఒంటరిగా తేవడం కాదు. అదే ఎక్స్‌ఆడియో2 విషయంలో 2.8 విండోస్ 8తోనే వచ్చింది, 2.9 విండోస్ 10తో వచ్చింది. అంటే ఒకే పేరుగల లైబ్రరీలో ఒక వెర్షన్ బయటి నుంచి వేసుకునేది, తర్వాతివి విండోస్‌లో భాగం.

రెండో జాతి విండోస్‌లో భాగమైన ఫైళ్ళు. ఎంఎఫ్‌ప్లాట్, క్వార్ట్జ్, ఆడియోసెస్, ఏవీఆర్‌టీ ఇవన్నీ అవే. వీటికి విడి ప్యాకేజీ ఉండదు. విండోస్ అప్‌డేట్ వచ్చినప్పుడు తోటి ఫైళ్ళతో కలిసి మారుతుంటాయి. ఎంఎఫ్‌ప్లాట్‌నే చూడండి. విండోస్ 10లో అది పని క్యూల కోసం ఆర్‌టీవర్క్‌క్యూ.డీఎల్ఎల్ మీద ఆధారపడుతుంది. ఎంఎఫ్.డీఎల్ఎల్ పేరుతో అడిగే చాలా పనులు ఇప్పుడు నిజానికి ఎంఎఫ్‌కోర్‌లో జరుగుతాయి. మీరు ఎంఎఫ్‌ప్లాట్ ఒక్కటే తెచ్చి పెడితే తర్వాతి మెసేజ్ ఆర్‌టీవర్క్‌క్యూ లేదని వస్తుంది. అది తెస్తే ఇంకోటి. చివరికి ఫైళ్ళన్నీ పోగైనా రిజిస్ట్రీలో డీకోడర్ల నమోదు ఉండదు. ప్రోగ్రామ్ తెరుచుకుంటుంది, వీడియో తెరుచుకోదు. వేరే ముద్రణలోంచి చింపిన పేజీని ఈ పుస్తకంలో అతికించినట్టే ఇది.

భద్రత మాట వేరే చెప్పాలా? ఆ ఫైలు ప్రోగ్రామ్ లోపలే, ప్రోగ్రామ్‌కున్న అనుమతులన్నిటితోనూ నడుస్తుంది. ఎవరు ఎక్కించారో, అందులో ఏం మార్చారో మనకు తెలియదు.

#9 సన్నజాజి

నాకు గూడ దగ్గర దగ్గర గిసువంటి సమస్యే ఉన్నది. నాది మామూలు విండోస్ 10 ప్రో, ఎన్ గాదు. స్క్రీన్ రికార్డర్ ఓపెన్ చేస్తే ప్రోగ్రామ్ సరిగ్గ స్టార్ట్ అయితలేదు అని 0ఎక్స్‌సీ000007బీ అనే నంబర్ వస్తది. సిస్టం32ల ఎంఎఫ్‌ప్లాట్ ఉన్నది, నేను చూసిన. ఎస్ఎఫ్‌సీ గూడ మంచిగనే ఉన్నదంటున్నది. వేరే ప్రోగ్రామ్‌లు అన్ని నడుస్తున్నయ్, గిదొక్కటే నడుస్తలేదు. కంప్యూటర్ మాత్రం ఇంతకుముందు వేరేటోళ్ళు వాడిన్రు. ఏం చెయ్యాలె?

#10 పాతమదర్‌బోర్డ్

సన్నజాజి గారూ, ఆ నంబర్‌కి అర్థం ఫైలు లేదని కాదు, ఉన్న ఫైలు సరైన రకం కాదని. పదికి తొమ్మిదిసార్లు 64 బిట్ ప్రోగ్రామ్‌కి 32 బిట్ డీఎల్ఎల్ తగిలినప్పుడో, అటుదిటైనప్పుడో వస్తుంది.

64 బిట్ విండోస్‌లో పేర్లు తలకిందులుగా ఉంటాయి, అక్కడే చాలామంది బోల్తా పడతారు. సిస్టం32లో ఉండేవి 64 బిట్ ఫైళ్ళు. 32 బిట్ ఫైళ్ళు సిస్‌వావ్64లో ఉంటాయి. 32 బిట్ ప్రోగ్రామ్ సిస్టం32 అని అడిగితే విండోస్ దాన్ని నిశ్శబ్దంగా సిస్‌వావ్64కి మళ్ళిస్తుంది. పేరు చూసి 32 బిట్ ఫైలును సిస్టం32లో పెట్టేవాళ్ళకి ఇదే ఎర్రర్ వస్తుంది.

మీకు ఒక్క ప్రోగ్రామ్‌లోనే వస్తోందంటున్నారు, సిస్టం32 బాగానే ఉందంటున్నారు. అయితే ఆ ప్రోగ్రామ్ సొంత ఫోల్డర్‌లో చూడండి. డీఎల్ఎల్ కోసం విండోస్ మొదట వెతికేది ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్‌లోనే, సిస్టం32 ఆ తర్వాత. కెర్నల్32 లాంటి కొన్ని ముఖ్యమైన ఫైళ్ళు నోన్‌డీఎల్ఎల్స్ అనే జాబితాలో ఉంటాయి, వాటిని మాత్రం నేరుగా సిస్టమ్ నుంచే తీసుకుంటుంది. ఎంఎఫ్‌ప్లాట్ ఆ జాబితాలో లేదు.

#11 సన్నజాజి

ఉన్నది! ప్రోగ్రామ్ ఫోల్డర్‌ల ఎంఎఫ్‌ప్లాట్ ఒకటి, ఎంఎఫ్‌రీడ్‌రైట్ ఒకటి ఉన్నయ్. మిగిలిన ఫైళ్ళన్ని ఒక్క తేదీ ఉన్నయ్, గీ రెండిటి తేదీ వేరున్నది. ఇంతకుముందోళ్ళు ఎప్పుడో పెట్టినట్టున్నది. తీసెయ్యాల్నా?

#12 పాతమదర్‌బోర్డ్

తీసేయకండి, ముందు రెండిటినీ వేరే ఫోల్డర్‌కి జరపండి. ప్రోగ్రామ్ నడిస్తే అప్పుడు తీసేయొచ్చు. అవి ఏ రకమో తెలుసుకోవాలనుంటే సిసింటర్నల్స్ వారి సిగ్‌చెక్ అనే ఉచిత సాధనం ఉంది. ఫైలు 32 బిట్టా 64 బిట్టా, సంతకం ఎవరిది, రెండూ చెబుతుంది.

సంతకం గురించి ఒక మాట. విండోస్ ఫైళ్ళలో చాలావాటికి ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్ ట్యాబ్ కనిపించదు. అంతమాత్రాన అవి నకిలీ అనుకోవద్దు. వాటి సంతకాలు విడిగా క్యాటలాగ్ ఫైళ్ళలో ఉంటాయి, సిగ్‌చెక్ వాటిని కూడా చూస్తుంది.

#13 సన్నజాజి

జరిపిన, రికార్డర్ నడిచింది. సిగ్‌చెక్‌ల రెండు ఫైళ్ళు 32 బిట్ అనే వచ్చినయ్, సంతకం లేదు అని గూడ వచ్చింది. కంప్యూటర్ మొత్తం వైరస్ స్కాన్ పెట్టిన, ఇంక నడుస్తున్నది. చాన థ్యాంక్స్ అన్నా.

#14 కొత్తచిగురు

నా సంగతి: మీడియా ఫీచర్ ప్యాక్ ఇన్‌స్టాల్ అయ్యింది, రీస్టార్ట్ చేశాను, ఎడిటర్ తెరుచుకుంది! సిస్టం32లో ఎంఎఫ్‌ప్లాట్ ఇప్పుడు కనిపిస్తోంది. నాదవీచి గారికి చాలా కృతజ్ఞతలు.

ఇంకో సందేహం. ఫోన్‌లో తీసిన కొన్ని వీడియోలు ఎడిటర్‌లో శబ్దం మాత్రమే వినిపిస్తున్నాయి, బొమ్మ నల్లగా ఉంది. మిగతావి బాగానే ఉన్నాయి. ఇంకా ఏదైనా ఫైలు తక్కువైందా?

#15 తెరవెనుక

ఈసారి ఫైలు తక్కువ కాలేదు, డీకోడర్ తక్కువైంది. ఆ నల్ల వీడియోలు హెచ్‌ఈవీసీ అనే కుదింపు పద్ధతిలో ఉండి ఉంటాయి. ఫోన్ కెమెరా సెట్టింగ్స్‌లో ఎక్కువ సామర్థ్యం అని ఉండేది చాలాసార్లు అదే.

విండోస్‌లో హెచ్.264 డీకోడర్ విండోస్ 7 నుంచీ అనేక ఎడిషన్లతో వస్తోంది, ఆ ఫైలు పేరు ఎంఎస్ఎంపెగ్2వీడెక్. హెచ్‌ఈవీసీ అలా కాదు. మైక్రోసాఫ్ట్ స్టోర్‌లో హెచ్‌ఈవీసీ వీడియో ఎక్స్‌టెన్షన్స్ అనే యాప్‌గా విడిగా దొరుకుతుంది. ఏవీ1కి కూడా అలాంటి ఎక్స్‌టెన్షన్ ఉంది. కొన్ని కంపెనీల కంప్యూటర్లలో ఇవి ముందే వేసి ఇస్తారు కాబట్టి ఒకరికి ఆడిన వీడియో ఇంకొకరికి ఆడదు.

మీడియా ఫౌండేషన్‌లో ప్రతి డీకోడర్‌నీ ట్రాన్స్‌ఫామ్ అంటారు. నమూనాలు ఒక వైపు లోపలికి వెళ్తాయి, ఇంకో వైపు బయటికి వస్తాయి. వీడియో ట్రాన్స్‌ఫామ్ వీలైతే గ్రాఫిక్స్ కార్డు సాయం తీసుకుంటుంది. అందుకే స్టోర్ ఎక్స్‌టెన్షన్ వేసినా బొమ్మ రాకపోతే తర్వాత చూడాల్సింది గ్రాఫిక్స్ డ్రైవర్.

#16 గుండుసూది

ఇన్ని విడివిడిగా వేసుకునే బదులు ఒక కోడెక్ ప్యాక్ వేస్తే సరిపోదా? అన్ని ఫార్మాట్లూ ఒకేసారి వచ్చేస్తాయి.

#17 తెరవెనుక

గుండుసూది గారూ, కోడెక్ ప్యాక్‌లు ఎక్కువగా డైరెక్ట్‌షో కోసం తయారైనవి. కొత్తచిగురు గారి ఎడిటర్ మీడియా ఫౌండేషన్ వాడుతోంది. ఒక దారిలో వేసిన డీకోడర్ ఇంకో దారికి కనిపించదు. ప్యాక్ వేసినా ఆ వీడియోలు నల్లగానే ఉంటాయి.

డైరెక్ట్‌షో అంటే తెలియనివాళ్ళ కోసం: మీడియా ఫౌండేషన్ కంటే ముందటి విండోస్ ఆడియో, వీడియో వ్యవస్థ ఇది, 1996లో యాక్టివ్‌మూవీ పేరుతో వచ్చింది. తయారీలో ఉన్నప్పుడు దాని రహస్య నామం క్వార్ట్జ్. అందుకే ఇప్పటికీ దాని ప్రధాన ఫైలు పేరు క్వార్ట్జ్.డీఎల్ఎల్. దాని చుట్టూ క్యూక్యాప్ రికార్డింగ్‌కి, క్యూఎడిట్ ఎడిటింగ్‌కి, క్యూడీవీడీ డీవీడీలకి, డెవ్‌ఈనమ్ పరికరాల జాబితాకి. ఫైలు చదివే ఫిల్టర్, విడదీసే ఫిల్టర్, డీకోడర్, తెర మీద చూపే ఫిల్టర్ ఒకదానికొకటి తగిలించి గ్రాఫ్ కడతారు. ఏ ఫిల్టర్‌ని ముందు ప్రయత్నించాలో ప్రతి ఫిల్టర్‌కీ ఉన్న మెరిట్ అంకె నిర్ణయిస్తుంది.

ప్యాక్‌లతో చిక్కు అక్కడే మొదలవుతుంది. రెండు ప్యాక్‌లు వేస్తే రెండూ మెరిట్ పెంచుకుని పోటీపడతాయి. అప్పటిదాకా బాగా ఆడుతున్న ఫైళ్ళు కూడా ఆగిపోతాయి. డైరెక్ట్‌షో ప్లేయర్ తప్పనిసరిగా వాడేవాళ్ళకి ఎల్ఏవీ ఫిల్టర్స్ ఒక్కటి చాలు, దాంతో దాదాపు అన్నీ నడుస్తాయి. పది డీకోడర్ల మూట అక్కర్లేదు.

#18 నాదవీచి

పూర్తిగా ఏకీభవిస్తాను. నా దగ్గరికి వచ్చే ఆడియో సమస్యల్లోనూ ఇదే చూస్తుంటాను, ఒక పొరలో లోపం ఉంటే వేరే పొరలో ఫైళ్ళు మారుస్తారు.

విస్టా నుంచి విండోస్ ఆడియో అమరిక మారింది. పాత ప్రోగ్రామ్ విన్‌ఎంఎం ద్వారా అడిగినా, గేమ్ డీసౌండ్ ద్వారా అడిగినా, చివరికి అన్నీ వసాపీ అనే ఒకే గుమ్మం గుండా వెళ్తాయి. ఆ గుమ్మం ఆడియోసెస్.డీఎల్ఎల్‌లో ఉంది. ఏ స్పీకరు, ఏ మైకు ఉన్నాయో చెప్పేది ఎంఎండెవ్‌ఏపీఐ. అన్ని ప్రోగ్రామ్‌ల శబ్దాన్నీ కలిపే యంత్రం ఆడియోడీజీ అనే విడి ప్రాసెస్‌లో నడుస్తుంది. మామూలుగా ఇది 10 మిల్లీసెకన్లకోసారి పనిచేస్తుంది, అంటే 48,000 హెర్ట్జ్ దగ్గర ఒక్కో విడతకి 480 నమూనాలు. ఆ గడువులోపు డేటా అందకపోతే మనకి చిటపటలు వినిపిస్తాయి.

గడువు తప్పకుండా చూసేందుకే ఏవీఆర్‌టీ.డీఎల్ఎల్ ఉంది. ఆడియో థ్రెడ్ దాని ద్వారా తనకి ప్రాధాన్యం కావాలని నమోదు చేసుకుంటుంది. ఈ ఫైలు పేరు చూసి వైరస్ అని తీసేయాలనుకునేవాళ్ళు కూడా ఉన్నారు, దయచేసి దాని జోలికి వెళ్ళొద్దు.

శబ్దం పగులుతోందంటే ఫైళ్ళు మార్చడం వల్ల ఒరిగేదేమీ లేదు. ముందు సౌండ్ సెట్టింగ్స్‌లో ఆ పరికరానికి ఆడియో ఎన్‌హాన్స్‌మెంట్స్ ఆపి చూడండి. సౌండ్ కార్డు తయారీదారు ఎఫెక్టులు ఆడియోడీజీ లోపలే లోడ్ అవుతాయి. వాటిలో ఏది కుప్పకూలినా అన్ని ప్రోగ్రామ్‌ల శబ్దమూ పోతుంది. ఆడియోడీజీ ఎక్కువ సీపీయూ తింటోందన్న ఫిర్యాదుల వెనక కూడా చాలాసార్లు ఇవే ఉంటాయి.

#19 రాత్రిరాగం

వెబ్‌క్యామ్ కూడా ఈ లెక్కలోకే వస్తుందా? పాత కెమెరా ఒకటి ఉంది. ఒక ప్రోగ్రామ్‌లో 1080పీ వస్తుంది, మరో ప్రోగ్రామ్‌లో అదే కెమెరా ముక్కలు ముక్కలుగా వస్తుంది.

#20 పాతమదర్‌బోర్డ్

వస్తుంది. అడుగున కేఎస్.సిస్ అనే కెర్నల్ స్ట్రీమింగ్ డ్రైవర్ ఉంటుంది. డైరెక్ట్‌షో ప్రోగ్రామ్‌లు కేఎస్‌ప్రాక్సీ ద్వారా దాన్ని చేరతాయి. మీడియా ఫౌండేషన్ ప్రోగ్రామ్‌లకి వేరే దారి.

ముక్కలవడానికి కారణం ఎక్కువగా ఫార్మాట్. లెక్క వేసి చూడండి. 1920 × 1080 చుక్కలు, కుదించని వైయూవై2లో చుక్కకి 2 బైట్లు, సెకనుకి 30 ఫ్రేములు: సెకనుకి సుమారు 12 కోట్ల 44 లక్షల బైట్లు. యూఎస్‌బీ 2.0 కాగితం మీద ఇవ్వగలిగేదే సెకనుకి 48 కోట్ల బిట్లు, అంటే 6 కోట్ల బైట్లు. సగం కూడా పట్టదు. అందుకే కెమెరా ఎంజేపెగ్‌లోనో హెచ్.264లోనో కుదించి పంపుతుంది. మీ రెండో ప్రోగ్రామ్ వైయూవై2 అడుగుతూ ఉండవచ్చు. దాని వీడియో సెట్టింగ్స్‌లో ఫార్మాట్ ఎంజేపెగ్‌కి మార్చండి.

2016 ఆగస్టులో విండోస్ 10 వెర్షన్ 1607 వచ్చినప్పుడు ఇదే విషయం మీద పెద్ద గందరగోళం నడిచింది. ఒకే కెమెరాని అనేక ప్రోగ్రామ్‌లు పంచుకునేలా మధ్యలో ఫ్రేమ్ సర్వర్ అనే సర్వీసు పెట్టారు. దాంతో ప్రోగ్రామ్‌లకి ఎంజేపెగ్, హెచ్.264 ధారలు నేరుగా అందడం ఆగిపోయింది, చాలా కెమెరాలు గడ్డకట్టాయి. తర్వాత అప్‌డేట్లతో సరిచేశారు. ఆ మధ్యకాలంలో రిజిస్ట్రీలో ఎనేబుల్ ఫ్రేమ్ సర్వర్ మోడ్ విలువని సున్నా చేయమనే చిట్కా అంతటా తిరిగింది. ఇప్పటి విండోస్‌లో దాని అవసరం లేదు. పాత పోస్టులు చూసి అది మార్చకండి.

#21 రాత్రిరాగం

ఎంజేపెగ్‌కి మార్చాను. నునుపుగా వస్తోంది. ధన్యవాదాలు.

#22 కోడ్‌పిచ్చుక

ఈ చర్చ నాకు సరిగ్గా సమయానికి దొరికింది. పైథాన్‌లో ఓపెన్‌సీవీ అనే బొమ్మలు, వీడియోల లైబ్రరీ వాడే మా సాధనం కొన్ని యంత్రాల్లో ఇంపోర్ట్ దగ్గరే డీఎల్ఎల్ లోడ్ కాలేదని ఆగిపోతోంది. ఏ డీఎల్ఎల్ అన్నది ఆ మెసేజ్ చెప్పడం లేదు. వాటిలో కొన్ని ఎన్ ఎడిషన్లు, మిగతావి విండోస్ సర్వర్. సర్వర్లలో మీడియా ఫీచర్ ప్యాక్ కనిపించడం లేదు. ఏం చేయాలి?

#23 నాదవీచి

తప్పు ఓపెన్‌సీవీది కాదు, పైథాన్‌దీ కాదు. వీడియో చదవడానికి అది మీడియా ఫౌండేషన్‌ని అడుగుతుంది. సర్వర్ 2012 నుంచి అది విడి ఫీచర్. సర్వర్ మేనేజర్‌లో ఫీచర్లు జోడించే చోట మీడియా ఫౌండేషన్ అని ఉంటుంది, టిక్ పెట్టి ఇన్‌స్టాల్ చేయండి. పవర్‌షెల్‌లో అయితే ఇన్‌స్టాల్ విండోస్ ఫీచర్ కమాండ్‌కి సర్వర్-మీడియా-ఫౌండేషన్ అని ఇవ్వాలి.

ఏ ఫైలు దొరకలేదో మెసేజ్ చెప్పనప్పుడు సిసింటర్నల్స్ వారి ప్రాసెస్ మానిటర్ వాడండి. ఆ ప్రోగ్రామ్ పేరుతో ఫిల్టర్ పెట్టి, పేరు దొరకలేదు అన్న ఫలితాలు మాత్రమే చూడండి. ఒకే ఫైలు కోసం ఒక్కో ఫోల్డర్‌లో వరసగా వెతికి, ఎక్కడా దొరక్క ఆగిపోయిన చోటు కళ్ళకి కడుతుంది.

మామూలు ఎడిషన్‌లో, ఉండాల్సిన ఫైలే నిజంగా చెడిపోయిన సందర్భంలో మాత్రం వరస వేరు. ముందు డిజం రీస్టోర్‌హెల్త్, ఆ తర్వాత ఎస్ఎఫ్‌సీ. సిస్టం32లోని ఫైళ్ళకి మూలం విన్‌ఎస్ఎక్స్ఎస్ ఫోల్డర్‌లోని నిల్వ. ఎస్ఎఫ్‌సీ అక్కడి నుంచే తెచ్చి సరిచేస్తుంది. ఆ నిల్వే చెడి ఉంటే దానికి తెచ్చుకోవడానికి మంచి నకలు ఉండదు. నిల్వని బాగుచేసేది డిజం. మూలం దొరకలేదని డిజం ఆగితే, అదే వెర్షన్ విండోస్ ఐఎస్ఓ ఫైలు పెట్టి అందులోని ఇమేజ్‌ని మూలంగా చూపించండి.

#24 కోడ్‌పిచ్చుక

సర్వర్లలో పనిచేసింది. ఎన్ యంత్రాల్లో ప్యాక్ వేయిస్తున్నాం.

మాకు సీ++లో రాసిన ఇంకో ప్రోగ్రామ్ కూడా ఉంది. అందులో వీడియో ఒక చిన్న భాగం మాత్రమే, వీడియో అక్కర్లేనివాళ్ళే ఎక్కువ. అయినా ఎన్ ఎడిషన్‌లో మొత్తం ప్రోగ్రామే తెరుచుకోవడం లేదు. వాడేవాళ్ళకి వచ్చే మెసేజ్‌లో మళ్ళీ ఇన్‌స్టాల్ చేయండి అని ఉంటుంది, వాళ్ళు అదే చేస్తారు, ఫలితం ఉండదు. చివరికి డీఎల్ఎల్ సైట్లకి వెళ్తారు. దీన్ని మా వైపు నుంచి ఆపగలమా?

#25 తెరవెనుక

ఆపవచ్చు. నా దృష్టిలో ప్రోగ్రామ్ రాసే ప్రతి ఒక్కరూ చేయాల్సిన పని ఇది. వాడేవాళ్ళు ఆ సైట్లకి వెళ్ళేది మనం రాసిన ప్రోగ్రామ్ సరైన మాట చెప్పనందువల్లే.

మీ ప్రోగ్రామ్ ఎంఎఫ్‌ప్లాట్‌ని మామూలు ఇంపోర్ట్‌గా లింక్ చేసి ఉంటుంది. అలా చేస్తే మీ మొదటి లైను నడవకముందే విండోస్ లోడర్ ఆ ఫైలును వెతుకుతుంది. లేకపోతే తన మెసేజ్ చూపించి ఆగిపోతుంది. మీ కోడ్‌కి నోరు విప్పే అవకాశమే రాదు. లింకర్‌లో డిలేలోడ్ ఆప్షన్ ఇచ్చి ఎంఎఫ్‌ప్లాట్, ఎంఎఫ్, ఎంఎఫ్‌రీడ్‌రైట్ మూడిటినీ అందులో పెట్టండి. అప్పుడు ఆ ఫైళ్ళ అవసరం మొదటి పిలుపు దగ్గరే వస్తుంది.

వీడియో భాగం తెరిచే ముందు ఎంఎఫ్‌ప్లాట్‌ని లోడ్‌లైబ్రరీఈఎక్స్‌తో మీరే లోడ్ చేసి చూడండి. సిస్టం32లో మాత్రమే వెతకమనే ఫ్లాగ్ తప్పకుండా ఇవ్వండి. సన్నజాజి గారి రికార్డర్‌లా ఎవరో ఫోల్డర్‌లో పడేసిన ఫైలు మీ ప్రోగ్రామ్‌లోకి దూరకుండా ఉంటుంది. లోడ్ అయితే ఎంఎఫ్‌స్టార్టప్ పిలిచి ముందుకెళ్ళండి. కాకపోతే వీడియో మెనూని మూసేసి, ఈ విండోస్‌లో మీడియా ఫీచర్ ప్యాక్ లేదు, ఆప్షనల్ ఫీచర్స్‌లో వేసుకోండి అని సూటిగా చెప్పండి.

#26 కోడ్‌పిచ్చుక

డిలేలోడ్ పెట్టి ఎన్ ఎడిషన్ ఉన్న వర్చువల్ మెషీన్‌లో నడిపాను. ప్రోగ్రామ్ తెరుచుకుంది, వీడియో మెనూ దగ్గర మా మెసేజ్ వచ్చింది. ప్యాక్ వేసి రీస్టార్ట్ చేశాక మెనూ మామూలుగా పనిచేసింది.

ఒక్కటి మిగిలింది. విండోస్ పెద్ద వెర్షన్‌కి అప్‌గ్రేడ్ అయినప్పుడు ఈ ప్యాక్ అలాగే ఉంటుందా?

#27 నాదవీచి

ఉంటుందనే నమ్మకంతో ఉండకండి. ఎన్ ఎడిషన్లలో పెద్ద అప్‌గ్రేడ్ తర్వాత ప్యాక్ మళ్ళీ వేసుకోవాల్సి వచ్చిన సందర్భాలున్నాయి. కాబట్టి ఆ తనిఖీని ఇన్‌స్టాలర్‌లో ఒకసారి చేసి వదిలేయకుండా, వీడియో భాగం తెరిచిన ప్రతిసారీ చేయండి. కొత్తచిగురు గారూ, మీరు కూడా ఈసారి అప్‌గ్రేడ్ అయ్యాక ఎడిటర్ తెరుచుకోకపోతే ముందు ఆప్షనల్ ఫీచర్స్ చూడండి.

#28 కొత్తచిగురు

అలాగేనండీ, గుర్తుపెట్టుకుంటాను. హెచ్‌ఈవీసీ ఎక్స్‌టెన్షన్ కూడా వేశాను, ఫోన్ వీడియోలకి బొమ్మ వచ్చింది. ఇకపై పాఠాలు తీసేటప్పుడు ఫోన్ కెమెరాని హెచ్.264కి మార్చి పెడుతున్నాను, ఈ ఎక్స్‌టెన్షన్ లేనివాళ్ళు కూడా చూడగలగాలి కదా.